ఉప్పు గిన్నె మీద ఉత్తర ధ్రువం

ఉత్తర ధ్రువం వైపు మంచు కరిగిపోతోందనీ, ఎండాకాలంలో అక్కడ ఓడలు హాయిగా తిరిగేస్తున్నాయనీ టీవీలో చెబుతుంటే ఇంట్లో అందరూ అయ్యయ్యో అన్నారు. నాకు మాత్రం మా అప్ప మీద ఒళ్ళు మండింది.

మా వైపు అక్కని అప్ప అంటాం. ఈమె నా తోడబుట్టింది కాదు, పెదనాన్న కూతురు, నాకంటే కాస్త పెద్దది. ఇప్పుడు పోర్ట్ బ్లెయిర్‌లోనే షాదీపూర్‌లో ఉంటుంది, నేను డైరీ ఫార్మ్ అనే పేట‌లో ఉంటాను. ఆటో ఎక్కితే ఎంతో దూరం లేదు. అయినా పెళ్ళిళ్ళలో తప్ప కలవం. కలిసినప్పుడు ఇద్దరం నోట్లో బెల్లం ముక్క పెట్టుకున్నట్టు మాట్లాడుకుంటాం. కానీ దాని ఇంట్లో, దాని ట్రంకు పెట్టెలో, నాకు రావలసిన వస్తువు ఒకటి ఉంది. అదొక టోపీ. చెవుల మీదకి దిగే రెక్కలతో, లోపలంతా గొర్రె బొచ్చుతో, పోర్ట్ బ్లెయిర్ ఎండలో పెట్టుకుంటే జనం పిచ్చిదాన్ని చూసినట్టు చూసే టోపీ. దాని కోసం ఇన్నేళ్ళుగా కుళ్ళుకుంటున్నాను. ఇందులో దాచుకోడానికేమీ లేదు. నాది కుళ్ళుబోతు గుణమని మా అమ్మ నా చిన్నప్పుడే తేల్చేసింది.

అప్పుడు మేం ఈ ఊళ్ళోనే జంగ్లీఘాట్‌లో ఉండేవాళ్ళం. ఒకే రేకుల ఇల్లు, నడుమ చెక్క గోడ. అటు పెదనాన్న వాళ్ళు, ఇటు మేము, వెనక వసారాలో మా నానమ్మ, ఆవిడ ఉప్పు జాడీలు. చెక్క గోడకి సందులు ఎక్కువ. అటు పెద్దమ్మ నెత్తళ్ళ చేపలు వేయిస్తే ఇటు మాకు నోరూరేది, ఇటు అమ్మ నన్ను తిడితే అటు అప్ప కిసుక్కున నవ్వేది. కిందకి దిగితే చేపల రేవు. రేవు పక్కన ఐసు ఫ్యాక్టరీ. ఐసు దిమ్మలు కరక్కుండా వాటి మీద రంపపు మిల్లు నుంచి తెచ్చిన పడాక్ కర్ర పొట్టు పోసేవాళ్ళు. ఆ పొట్టు ఎర్రగా ఉండేది. కరిగిన నీళ్ళు ఎర్రగా కాలవ కట్టి సముద్రంలోకి పోతుంటే అందులో మేం కాళ్ళు పెట్టుకునేవాళ్ళం. చేపల కంపు, కోసిన కర్ర వాసన, చల్లటి నీళ్ళు. నా చిన్నతనమంతా ఆ మూడింట్లోనే ఉంది.

నానమ్మది ఎండుచేపల బేరం. ఆవిడకి తెలిసిన మందు, మంత్రం అన్నీ ఉప్పే. చేపకి ఉప్పు, మామిడికాయకి ఉప్పు, ఉసిరికాయకి ఉప్పు, నా పుండుకీ ఉప్పే. "ఉప్పేసినావంటే అది మరెక్కడికీ పోదే గుంటా" అనేది. నేను నమ్మాను. ఎందుకు నమ్మను? మా ఇంట్లో అన్నం ఆ ఉప్పు మీదే ఉడికింది.

ఒక ఏడు వానలకి ముందు మా మావయ్య వచ్చాడు. అమ్మకి ఒక్కగానొక్క తమ్ముడు. సరుకుల ఓడల్లో ఇంజిన్ రూము పని. ఒక ఓడ దిగి ఇంకో ఓడ ఎక్కేలోగా మా ఇంట్లో ఉండేవాడు. ఆయన గుమ్మంలోకి రాగానే ఇంటికి వేరే వాసన వచ్చేది. ఎంత రుద్దినా పోని యంత్రాల నూనె, పొగాకు, ఏదో దేశపు సబ్బు. నేను పరిగెత్తుకెళ్ళి ఆయన చొక్కాలో మొహం పెట్టేసేదాన్ని. ఈసారి నేను వెళ్ళేసరికి అప్ప అప్పటికే ఆయన రెండో చెయ్యి పట్టుకుని వేలాడుతోంది.

పెద్దమ్మకి అన్నదమ్ముల్లేరు. అంటే అప్పకి మేనమామ లేడు. చెవులు కుట్టించేటప్పుడు ఒళ్ళో కూర్చోబెట్టుకోడానికి ఎవరూ లేక పెదనాన్నే కూర్చోబెట్టుకుంటే, వచ్చిన ఆడవాళ్ళంతా బుగ్గలు నొక్కుకున్నారట. రేపు పెళ్ళిలో బుట్టలో ఎత్తుకొచ్చేదెవరని నానమ్మ అప్పుడప్పుడూ నిట్టూర్చేది. పాపం అనాలి, నిజమే. నేను అనలేదు. నాకున్నది ఒకే ఒక్క మేనమామ. అందులో దానికి వాటా ఏమిటి?

"మావ నాకు మావ. దానికి కాడు," అని వచ్చిన రోజే తేల్చి చెప్పాను.

మావయ్య పడీ పడీ నవ్వాడు. "అరే, ఒక మావకి ఇద్దరు కోడళ్ళుంటే ఏటయిపోద్ది? నేను అరిగిపోతానేటే?"

అరిగిపోతాడనే నా భయం.

ఆ రాత్రి భోజనాలయ్యాక సంచీలోంచి టోపీ తీశాడు. చివరిసారి వెళ్ళిన ఓడ ఉత్తరాన ఏదో రేవు బయట మంచులో ఇరుక్కుందట. మంచు కోసే ఓడ వచ్చి దారి చేసేదాకా కదల్లేదట. ఆ ఆగిపోయిన రోజుల్లో అక్కడి ముసలి నావికుడొకడు వీళ్ళ ఓడెక్కి, పొయ్యి దగ్గర కూర్చుని పాత కథలన్నీ చెప్పి, పోతూ పోతూ తన మనవడి టోపీ ఈయన చేతిలో పెట్టాడట. చిన్నపిల్లల టోపీ. నా తలకి సరిగ్గా సరిపోయింది. అప్ప తలకీ సరిపోయింది, అదే వచ్చిన చిక్కు.

అక్కడి నుంచి రోజూ సాయంత్రం మెట్ల మీద ఉత్తర ధ్రువమే. మిరియాలకీ పట్టుకీ తూర్పు దేశాలకి రావడానికి భూమి నెత్తి మీంచి దగ్గర దారి ఉంటుందని దొరలు ఓడలు వేసుకుని వెళ్ళారట. వెండి చెంచాలు, పుస్తకాల బీరువాలు, డబ్బాల్లో మాంసం, అన్నీ సర్దుకుని రెండు పెద్ద ఓడలు మంచులోకి వెళ్ళాయట. మళ్ళీ రాలేదు. కెప్టెను భార్య ఏళ్ళ తరబడి వెతకడానికి ఓడలు పంపిస్తూనే ఉందట. ఆ మంచులోనే పుట్టి పెరిగినవాళ్ళు, దొరలు ఆకలితో నడుస్తూ నడుస్తూ పడిపోవడం చూశామని చెబితే, వీళ్ళకేం తెలుసని కొట్టిపారేశారట. అక్కడివాళ్ళు తొడుక్కునే తోలు బట్టలు తొడుక్కుంటే ఇంకొన్నాళ్ళు బతికేవాళ్ళేమో. వాళ్ళకి ఇత్తడి బొత్తాల కోటులే గొప్ప.

"ఎందుకెళ్ళారురా ఆ సచ్చినోళ్ళు? చేపలున్నాయేటి అక్కడ?" అంది నానమ్మ.

"దారి కోసం అత్తా."

"దారి కోసం సచ్చిపోతారేటి? ఇంటికాడ పెళ్ళాం ఏటి తింటాది?"

ఇంకొకాయన కావాలనే తన ఓడని మంచులో ఇరికించాడట. ఆ ఓడ అడుగు కొబ్బరి చిప్పలా గుండ్రంగా కట్టించాడు. మంచు రెండు వైపులా నొక్కితే, తడి చింతపిక్కని వేళ్ళ మధ్య నొక్కినట్టు, ఓడ పగలకుండా పైకి జారింది. ఆ మంచుతోపాటే తేలుతూ పోయి, చివరికి బతికి బయటపడ్డాడు. ముగ్గురు మనుషులు గాలిబుడగ ఎక్కి ఎగిరిపోయారట. వాళ్ళు ఏమయ్యారో ఎవరికీ తెలీదు. ఒక తరం గడిచాక ఓ దీవిలో వాళ్ళ ఎముకలు, వాళ్ళ కెమెరా దొరికాయి. ఫొటోలు కడిగితే, మంచు మీద పడిపోయిన బుడగ పక్కన నిలబడ్డ మనుషులు కనిపించారు.

ఆ బుడగ కథకి అప్ప వెక్కి వెక్కి ఏడ్చింది. మావయ్య తన తువ్వాలుతో దాని కళ్ళు తుడిచాడు. నాకు ఏడుపు రాలేదు. మర్నాడు ఆ కథ మళ్ళీ చెప్పమని అడిగి, చద్దన్నంలో నంజుకున్న ఉల్లిపాయ ముక్క గుప్పిట్లో దాచుకుని, సరిగ్గా ఫొటోల దగ్గరికి వచ్చేసరికి కళ్ళకి రాసుకున్నాను. మావయ్య నావైపు చూసి ముక్కు ఎగబీల్చి, "పో, కళ్ళు కడుక్కో" అన్నాడు. తువ్వాలు ఇవ్వలేదు.

పగలు ఐసు ఫ్యాక్టరీ దగ్గర పొట్టు కుప్పల మీద అదే ఆట. అప్పే కెప్టెను. కెప్టెనుకి టోపీ ఉండాలని ఆడినంతసేపూ మావయ్యని అడిగి టోపీ పెట్టుకునేది. ఆ వేడికి దాని నుదుటి నిండా చెమటకాయలు లేచినా తీసేది కాదు. నన్ను బండి లాగే కుక్కని చేసింది.

"మొరగవే," అంది.

మొరిగాను. కుక్కగా ఉంటేనే ఆటలో చేర్చుకుంటానంది మరి. ఇప్పుడు తలుచుకున్నా పళ్ళు కొరుక్కోవాలనిపిస్తుంది.

మావయ్య వెళ్ళే రోజు దగ్గరపడింది. టోపీ ఎవరికని ఇంట్లో గోల మొదలైంది. "సొంత మేనకోడలుండగా ఇంకేం ఆలోచన?" అంది అమ్మ. పెద్దమ్మ గోడకి అటువైపు గిన్నెలతో గట్టిగా చప్పుడు చేసింది. మావయ్యకి ఆ చప్పుడు వినిపించింది.

"ధ్రువం కాడికి నేను ముందెళ్ళానంటే నేను ముందెళ్ళానని ఇద్దరు దొరలు జుట్లు పట్టుకున్నారు," అన్నాడు. "అక్కడ నేల లేదు గదా, సముద్రం మీద తేలే మంచే. పాతిన జెండా మర్నాటికి ఇంకెక్కడికో కొట్టుకుపోద్ది. ఇక రుజువెక్కడిది? మనకా గొడవొద్దు. కళ్ళ ముందే పందెం పెడతాను."

పందెం ఏమిటంటే, ఐసు ఫ్యాక్టరీలో ఒక దిమ్మని సమంగా రెండు కోయిస్తాడు. చెరో ముక్క ఇస్తాడు. ఆయన ఓడ ఆఫీసుకి వెళ్ళి సాయంత్రం తిరిగి వచ్చేసరికి ఎవరి దగ్గర ఎక్కువ ఐసు మిగిలితే వాళ్ళదే టోపీ. ఎలా దాస్తారో మీ ఇష్టం, పెద్దవాళ్ళు వేలు పెట్టకూడదు.

అప్ప గోనెసంచీ తెచ్చి పొట్టులో దూరింది. ఐసుని పొట్టుతో కాపాడతారని జంగ్లీఘాట్‌లో పాకే పిల్లకి కూడా తెలుసు. నాకూ తెలుసు. కానీ అది పొట్టు పట్టుకుంది కాబట్టి నేను పట్టుకోను. దానితో సమానంగా నిలిచి ఏం లాభం? దాన్ని మించాలి. మించడానికి నా దగ్గర ఉన్నది నానమ్మ ఉప్పు. చచ్చిన చేపని నెలల తరబడి నిలబెట్టే ఉప్పు ఐసుని ఒక పూట నిలబెట్టలేదా? ముక్కని పగలగొట్టి మా పెద్ద అల్యూమినియం గిన్నెలో వేసి, జాడీ వంచి, చేపల మధ్య ఉప్పు చల్లినట్టే ఒక వరస ఐసు, ఒక వరస ఉప్పు వేసి, మూత పెట్టి, మంచం కింద దాచి కాపలా కూర్చున్నాను.

కాసేపటికి గిన్నె బయట చెమట పట్టింది. ఇంకాసేపటికి ఆ చెమట తెల్లబడింది. నేను కళ్ళు నులుముకున్నాను. గిన్నె చుట్టూ పిండి జల్లినట్టు తెల్లటి పొర పెరుగుతోంది. వేలు పెడితే వేలు అంటుకుని చురుక్కుమంది. మావయ్య చెప్పిన ఓడ, తాళ్ళ మీద పేరుకున్న మంచు, మీసాల మీద పేరుకున్న మంచు, అన్నీ మా మంచం కింద ఉన్నాయి. బయట ఇంత తెల్లగా ఉంటే లోపల ఐసు ఇంకెంత గట్టిగా ఉందో అనుకున్నాను. టోపీ నాదే. అప్పని కుక్కని చేసి ఎలా మొరిగించాలో కూడా ఆలోచించి పెట్టుకున్నాను.

సాయంత్రం మావయ్య వచ్చాడు. అప్ప సంచీ విప్పింది. ఎర్ర పొట్టులోంచి కొబ్బరికాయంత ముక్క బయటపడింది. నేను గిన్నె లాగి మూత తీశాను. లోపల నీళ్ళు. ఆ నీళ్ళ మీద గోటి ముక్కల్లా నాలుగు ఐసు పలుకులు. ఉప్పు ఐసుని తొందరగా కరిగిస్తుందనీ, ఆ కరగడంలోనే గిన్నె అంత చల్లబడుతుందనీ నాకప్పుడు తెలీదు.

నానమ్మ పరిగెత్తి జాడీలోకి తొంగి చూసింది. "ఓలమ్మో, నా ఉప్పంతా పోసీసిందిరా!"

అప్ప ఎగిరి గంతేసింది. మావయ్య మాత్రం దానివైపు చూడలేదు. గిన్నె ముందు గొంతుక్కూర్చుని బయట పేరుకున్న తెల్లపొరని చూస్తున్నాడు. తర్వాత వేలి గోరుతో గీరాడు. "ఇదే. అక్కడ ఓడ గోడల మీద ఇలాగే ఉంటాది," అన్నాడు మెల్లగా. గీరినది నా నాలుక మీద పెట్టాడు. అప్ప తనకీ పెట్టమని వచ్చేసరికి, వేడికి మిగతా పొర జారి నీళ్ళయిపోయింది.

అప్పుడైనా టోపీ నాకే ఇస్తాడనుకున్నాను. లేచి తీసుకెళ్ళి అప్ప తల మీద పెట్టాడు. పందెం పందెమే అన్నాడు. నేను నేల మీద పడి దొర్లాను. ఆయన నన్ను ఎత్తుకుని మెట్ల మీద కూర్చోబెట్టి, చొక్కాతోనే నా ముక్కు తుడిచాడు.

"ఏడవకే. నీకు నేనున్నాను గదా. దానికి టోపీ ఉండనీ."

ఆ మాటకి సరేనని ఒప్పుకున్నాను. లెక్క సరిగ్గానే ఉందనిపించింది. దానికి టోపీ, నాకు మావ.

రెండోరోజు ఆయన ఓడెక్కాడు. వానాకాలం వెళ్ళింది, మళ్ళీ ఎండలొచ్చాయి. ఒకరోజు ఓడ కంపెనీ మనిషి వచ్చి, ఎక్కడో దూరపు రేవులో జ్వరమొచ్చి పోయాడనీ, అక్కడే పాతిపెట్టారనీ చెప్పాడు. పెట్టె రాలేదు. ఫొటో అయినా లేదు. అమ్మ చాన్నాళ్ళు గుమ్మం వైపు తిరిగి కూర్చునేది. ఒకసారి గోడకి అటువైపు వెళ్ళి, తమ్ముడి గుర్తుగా టోపీ ఇమ్మని అడిగింది. అప్ప రెండు చేతులతో టోపీని తలకి అదుముకుని మంచం కిందకి దూరి బయటికి రాలేదు. అమ్మ తిరిగి వచ్చేసింది. మళ్ళీ అడగలేదు, నన్నూ అడగనివ్వలేదు.

దానికి టోపీ ఉంది. నాకు మావా లేడు, టోపీ లేదు. నా కుళ్ళంతా ఇదీ. ఇది కుళ్ళంటారా, ఇంకేమైనా అంటారా, మీ ఇష్టం.

టీవీ చూసిన రోజే అప్ప ఫోను చేసింది. పెళ్ళి పిలుపులకి తప్ప చెయ్యని మనిషి.

"టీవీ చూసినావేటే? మన మావ చెప్పిన మంచంతా ఉప్పునీళ్ళయిపోతందట."

"మన మావ ఏంటి?" అన్నాను. వయసొచ్చినా ఆ మాట వినగానే నోరు ఆగలేదు.

"సరే, నీ మావే. ఆ ధ్రువం కూడా నీ గిన్నెలాగే అయిపోనాది గదా చివరికి. నువ్వే గెలిచినావనుకో. ఒకసారి రా. టోపీ పట్టుకెల్దువు గాని."

షాదీపూర్ వెళ్ళాను. నెత్తళ్ళు వేయించి పెట్టింది, అచ్చు పెద్దమ్మ చేతి వాసన. ట్రంకు పెట్టె తెరిచి, పాత చీర మడతల్లోంచి టోపీ తీసి నా ఒళ్ళో పెట్టింది. ఒక చెవి రెక్క పురుగు కొట్టేసింది. నేను రెండు చేతులతో ఎత్తి మొహానికి ఆనించుకుని పీల్చాను. కలరా ఉండల వాసన. దాని కింద కొబ్బరినూనె, అప్ప తలనూనె. ఇంకేమీ లేదు.

"మావ వాసన ఏదే?"

"ఎప్పుడో పోయింది," అంది అప్ప. "మొదటి ఏడాదే. రోజూ పడుకునే ముందర ముక్కు అందులో పెట్టీసుకునేదాన్ని. అంతా నేనే పీల్చీసాను."

లేచి వచ్చేద్దామనుకున్నాను. నా మావ వాసన, ఏడాదంతా, రోజూ, చెక్క గోడకి అటువైపు. నేను ఇటువైపు.

"అలగ సూడకు," అంది. "నీకు ఆయన చేత్తో మంచు తినిపించాడు. నేను అడిగేసరికి కరిగిపోనాది. ఇన్నేళ్ళూ టీవీలో మంచు కనబడితే చాలు, నాకు అదే గుర్తొస్తాది. ఎలగుంటాదే అది?"

ఆ మొహం చూశాను. జుట్టు పండిపోయిన మొహం మీద, గిన్నె దగ్గరికి పరిగెత్తుకొచ్చి ఆలస్యమైపోయిన పిల్ల మొహం. నాకు చెప్పలేనంత హాయిగా అనిపించింది.

"చెప్తే అర్థమయ్యేది కాదులే," అన్నాను.

టీ తాగి బయటికి వచ్చాను. అప్ప గేటు దాకా వచ్చి టోపీనే చూస్తూ నిలబడింది. "ఆదివారానికి మళ్ళా తెచ్చీయ్. ఉంచీసుకోమని కాదు," అంది. నేను విననట్టు ఆటో ఎక్కాను.

దారిలో ఒళ్ళో ఉన్న టోపీని చూస్తూ చూస్తూ ఉండబట్టలేక తలకి పెట్టుకున్నాను. బిగుతుగా ఉంది, కిందకి దిగక నెత్తి మీదే ఆగిపోయింది. ఆటో అతను అద్దంలో చూసి నవ్వాడు.

"క్యా దీదీ, ఠండ్ లగ్ రహా హై?"

"హాఁ భయ్యా, బహుత్," అన్నాను, నిజంగానే బాగా చలేస్తున్నట్టు.

ఉక్కపోతకి చెమట కారి టోపీ అంచు తడిసింది. డైరీ ఫార్మ్ మలుపు దగ్గరికి వచ్చేసరికి ఆ తడిసిన బొచ్చులోంచి ముందు గొర్రె వాసన లేచింది. దాని వెనక, సన్నగా, యంత్రాల నూనె. పొగాకు. నేను కదలకుండా కూర్చున్నాను. ఊపిరి వదలాలన్నా భయమేసింది.

ఫోను మోగింది. అప్ప.

"ఇల్లు సేరినావా? టోపీ జాగర్తే. సెమట పట్టనివ్వకు, పాడైపోద్ది."

"అలాగే," అన్నాను.

"మరింకేటి?"

"ఏమీ లేదు," అని ఫోను పెట్టేశాను. వాసన ఉందని మాత్రం చెప్పలేదు.